రాజుగారి చిన్నకూతురు కామాటిపురలో చనిపోయిన రోజు

మొన్న మా మనవరాలు ఇనుప పెట్టె అడుగు నుంచి నా పాత నోటుబుక్కు లాగి, ఆఖరి పేజీలు నా చేత పైకి చదివించుకుని, అవి తన కాలేజీ నాటకాల మాస్టారికి ఫోనులో వినిపించేదాకా, యాభై ఏళ్ల కిందట నా చేత్తో నేను రాసిన అబద్ధం ఒకటి ఇంకా బతికే ఉందన్న సంగతే నేను మరిచిపోయాను. వాళ్ల కాలేజీలో నాలుగు వందల ఏళ్ల నాటి ఇంగ్లీషు నాటకకర్త రాసిన ముసలి రాజు నాటకాన్ని బొంబాయిలో మాట్లాడే భాషలన్నిటిలో, తలా ఒక ముక్కగా ఆడుతున్నారట. తెలుగు ముక్క మా కామాటిపుర నోటుబుక్కులోది. అసలు నాటకంలో చిన్నకూతురు చచ్చిపోతుంది. నా నోటుబుక్కులో మాత్రం గణపతి దయవల్ల లేచి కూర్చుంటుంది, అందరూ హారతి ఇస్తారు. మాస్టారు ఎగిరి గంతేశాడట. తెలుగు కూలీజనం ఆ చావును తట్టుకోలేక పిల్లను బతికించుకున్నారని నాటకానికి ముందు జనానికి చెబుతాడట.

ఆ మాట వినగానే నాకు ఒళ్లు మండింది. తట్టుకోలేకపోవడమా? మేమా?

"అమ్మమ్మా, టెన్షన్ నకో. సర్‌కి బహుత్ పసంద్ ఆయా," అంది మనవరాలు. తెలుగు రాయడం, చదవడం రాని పిల్ల, మాట్లాడితే సగం మరాఠీ, సగం హిందీ, నామీది ప్రేమ కొద్దీ మధ్యమధ్య తెలుగు.

"మీ సారుకు చెప్పు, ఆ పిల్ల లేవలేదని. నేను నా కండ్లతో చూసిన," అన్నాను. మాస్టారు రుజువు అడిగాడు. పేజీల్లో ఉన్నది పేజీల్లోనే ఉంది కదా అన్నాడు. అందుకే ఇప్పుడు పంతం పట్టి ఇదంతా రాస్తున్నాను.

నేను మునిసిపాలిటీ తెలుగు బడిలో ఏడో తరగతి ముగించి, ఇంట్లో అమ్మ పక్కన కూర్చుని బీడీలు చుడుతున్న రోజులవి. మా మేనమామ గిర్గావ్ వైపు ఒక మరాఠీ నాటకశాలలో తెర లాగే పని చేసేవాడు. ఇంగ్లీషు రాదు, మరాఠీ చదవలేడు, తెలుగు రాయలేడు, కానీ ఒకసారి చెవిన పడ్డ మాటను పోనిచ్చేవాడు కాదు. ఆ ముసలి రాజు నాటకం మరాఠీలో ఆడినన్నాళ్లూ తెర తాడు పట్టుకుని విని విని, మొత్తం కంఠతా పట్టేశాడు. గణపతి పండక్కి మన చాలీలో, ఆ గదికొక కాపురముండే మేడలో, తెలుగులో ఆడదామని ఆయన చెబుతూ ఉంటే నేను రాసేదాన్ని. మామ మొదట మరాఠీలో అనేవాడు, తరువాత కళ్లు మూసుకుని మన మాటల్లో అనేవాడు, నేను నాలిక కరుచుకుని బరబరా గీకేదాన్ని. బీడీ ఆకు వాసన ఆ నోటుబుక్కును ఇప్పటికీ వదల్లేదు.

ఒక తమాషా చెప్పాలి. మామ నాటకాన్ని ఎప్పుడూ ముందునుంచి చూడలేదు, కుడిపక్క తాడు దగ్గర నిలబడే చూశాడు. అందుకని మావాళ్లందరికీ ఆయనకు కనబడినట్టే నేర్పాడు! రాజు, మంత్రి, కూతుళ్లు ఒక్కరూ జనం వైపు తిరగకుండా, అందరూ కుడి గోడకేసి చూస్తూ మాట్లాడేవారు. అదే పద్ధతి కాబోలు అనుకున్నాం. ఇక కథ సంగతి చూడబోతే, తాతల నాటి నుంచి ఊరందరికీ మేడలు కట్టి గుంటెడు జాగా లేని మా జనం, ఆ రాజు ప్రాణముండగానే రాజ్యం కూతుళ్లకు రాసిచ్చేశాడని తెలిసి రిహార్సళ్లప్పుడే తిట్టిపోసేవారు. కుళాయి దగ్గర రోజూ అదే పంచాయితీ. గాలివానలో రాజు తిరిగే బయలు ఎలా ఉంటుందో మాకెవరికీ తెలియదు కనుక, మామ దాన్ని మోకాలి లోతు నీళ్లు నిలిచిన మా పక్క ఫోరస్ రోడ్ చేశాడు. ఉరుములకు నాగ్‌పాడా నుంచి రేకులు తెచ్చి కర్రలతో బాదారు.

చిక్కంతా ఆఖరి సీనుతో వచ్చింది. రాజు తాను వెళ్లగొట్టిన చిన్నకూతురి శవాన్ని చేతుల మీద మోసుకొస్తాడు. చాలీ పెద్ద ఆ సంగతి తెలిసి మండిపడ్డాడు.

"గణపతి ముంగట పీనుగను పండవెడ్తరా? నై చలేగా! పిల్ల లేవాలె, మంగళహారతి పాడాలె. లేకుంటే నాటకమే లేదు."

మామ సరేనని తలూపాడు. నాకు మాత్రం ఏడుపొచ్చినంత పనైంది. ఇంటికి వచ్చాక మామ నా నెత్తిన చెయ్యి వేసి, "ఆయన అడిగినట్టే రాయి బిడ్డా. ఆడేటోణ్ణి నేను గదా," అన్నాడు. రాశాను. పెద్ద చదివించుకుని విని సరేనన్నాడు. ఆ పేజీలే మొన్న మాస్టారికి అంతగా నచ్చినవి.

ఇక్కడ మా పెద్దమ్మ గురించి చెప్పాలి. మా అమ్మకూ మామకూ అక్క, మా పక్క ఖోలీలోనే, అంటే పక్క గదిలోనే ఉండేది. ఆమె ఒక్కగానొక్క కూతుర్ని పాలమూరు వైపు ఇస్తే, ఆ ముందటేడు కాన్పులో పోయింది. కబురు ఆలస్యంగా అందింది. రైలెక్కి, బస్సెక్కి, నడిచి ఊరు చేరేసరికి అంతా అయిపోయింది, కడచూపు దక్కలేదు. శవం ముందు కూర్చుని శోకం పెట్టి ఏడవాలి, లేకపోతే ఆ ఏడుపు మనిషి లోపలే ఉండిపోతుందని మా ఆడవాళ్ల నమ్మకం. పెద్దమ్మ తిరిగివచ్చి, ఒక్క చుక్క కన్నీరు లేకుండా బీడీలు చుట్టుకుంటూ ఏడాది గడిపేసింది. ఆమె ముఖం చూడాలంటే మాకు భయం వేసేది.

ఆదివారం మధ్యాహ్నం నాటకం మొదలైంది. చిన్నకూతురి వేషం రెండో అంతస్తు దర్జీది. బక్కపలచటి మనిషి, మీసం తీసేసిన అతని మూతి చూసి జనం మధ్యాహ్నమంతా పడీపడీ నవ్వారు. ఆఖరికి రాజు వేషంలో ఉన్న మామ అతణ్ణి రెండు చేతులమీదా ఎత్తుకుని వచ్చాడు. మామ ఒక్కడే ఆ రోజు కుడి గోడకేసి చూడలేదు. నేరుగా జనం వైపు, ముందు వరుసలో కూర్చున్న వాళ్లక్క వైపు చూస్తూ వచ్చి, శవాన్ని దించాడు. పిల్ల లేవలేదు. పక్కన నిలబడి మాటలు అందిస్తున్న నేను నోటుబుక్కు మూసేశాను.

పెద్దమ్మ లేచింది. వేదిక మెట్లెక్కి, దర్జీ తలను ఒడిలోకి తీసుకుంది.

"ఓ నా బిడ్డా... కన్న అవ్వ రాకముందే పోతివా బిడ్డా... బండి దిగి ఉరికొస్తినే, నీ మొఖమన్న సూపియ్యకపోతిరే... తలకు నూనె పెట్టకపోతినే..."

ఆ గొంతు ఏడాది తరువాత విన్నాం. అమ్మ లేచింది. ఆమె వెనక ఒక్కొక్కరే చాలీ ఆడవాళ్లంతా లేచి వెళ్లి, శవం చుట్టూ కూర్చుని, వరసలు పెట్టి శోకాలు అందుకున్నారు. రాజు చెప్పాల్సిన ఆఖరి మాటలు చెప్పడానికి సందే దొరకలేదు. మామ కిరీటం తీసి పక్కన పెట్టి, అక్క పక్కన కూలబడి ఏడ్చాడు. ఈ నాటకం కోసం ఆయన ఎందుకంత పట్టుబట్టాడో, మాట తప్పి మరీ ఎందుకు ఆడాడో నాకు అప్పుడు తెలిసింది.

చాలీ పెద్ద లేచి నిలబడ్డాడు. ఇక అయిపోయింది మా పని అనుకున్నాను. ఆయన టోపీ తీసి చంకలో పెట్టుకున్నాడు.

"ఆడపిల్ల పోయింది. తానాలు చేయకుండ ఎవ్వలు ఇంట్ల అడుగుపెట్టొద్దు," అన్నాడు.

అంతే! పీనుగను చూసినవాళ్లు స్నానం చేయాలి కదా, అది నాటకమన్న సంగతి ఒక్కరికీ గుర్తు రాలేదు. కుళాయిలో నీళ్లు వచ్చేది పొద్దున్నే, అయినా ఇంటింటి పీపాలూ ఖాళీ చేసి, వసారాల్లో వరస కట్టి చాలీ చాలీ అంతా స్నానం చేసింది. చచ్చినవాడు కూడా చేశాడు పాపం! పెద్దమ్మ కన్నీళ్లు ముఖం మీద పడుతుంటే కళ్లు తెరవడానికి ధైర్యం చాలలేదని ఆ దర్జీ చాలా ఏళ్లు చెప్పుకున్నాడు. గణపతి హారతి ఆలస్యమైంది. పెద్దమ్మ ఆ సాయంత్రం రెండు రొట్టెలు తిని, ఇంకాస్త పులుసు వెయ్యమని అడిగింది. అమ్మ గిన్నె పట్టుకుని గోడవైపు తిరిగి కళ్లు ఒత్తుకుంది.

తరువాత రాజుగారి ఆఖరి మాటలు చెప్పమని, అబద్ధం కొట్టేసి అవి రాస్తానని మామను అడిగాను. "అక్క చెప్పింది గదా, ఇంకేం రాస్తవ్," అన్నాడు. నేనూ బద్ధకించాను. తప్పు నాదే.

అందుకే ఈ వారమంతా కూర్చుని ఆ పేజీలు కొట్టేశాను. పెద్దమ్మ శోకం గుర్తున్నంతమటుకు నేను చెబుతుంటే, మనవరాలు నాగరి లిపిలో రాసుకుంది. రాసేటప్పుడు రెండుసార్లు ముక్కు తుడుచుకుంది. మాస్టారికి వినిపిస్తే, పిల్ల లేవనక్కర్లేదని ఒప్పుకున్నాడట.

కానీ శోకం పెట్టేదెవరు? ఆ పిల్లల్లో ఎవరికీ ఆ రాగం పట్టుబడలేదు. వాళ్ల తప్పు కాదు, ఎక్కడ విన్నారు గనక? చాలీలు ఒక్కొక్కటే పడగొడుతున్నారు. మావాళ్లు తలో దిక్కుకూ పోయారు. ఇప్పుడు మనిషి పోతే బండి వస్తుంది, తలుపు వేసుకుని తీసుకుపోతుంది, పక్కింటి వాళ్లకు ఫోనులో తెలుస్తుంది. కింద కూర్చుని, తల ఒడిలోకి తీసుకుని, గొంతెత్తి పేరు పెట్టి పిలిచేవాళ్లు లేరు.

వచ్చే ఆదివారం నాటకం. చచ్చిపోయే చిన్నకూతురు మా మనవరాలే. ముందు వరుసలో, వేదిక మెట్ల పక్కన కుర్చీ కావాలని అడిగాను. మోకాళ్ల నొప్పులకని అనుకుంటోంది పిచ్చిపిల్ల.