గడప మీద సగం దిల్‌పసంద్

మా అమ్మాయి తన స్నేహితురాలితో పోట్లాడి మాటలు మానేసింది. బడి నుంచి రావడం, గదిలో దూరి తలుపు వేసుకోవడం. ఆ పిల్ల నా ఫోన్‌కి చేస్తే "లేనని చెప్పు మమ్మీ" అంటుంది. నాకేమో కాలు నిలవదు. వంటింటికీ ఆ తలుపుకీ మధ్య తిరుగుతూ ఎసట్లో బియ్యం పోయడమే మరిచిపోయాను.

చివరికి ఒక ఉపాయం తోచింది. నా చిన్నప్పటి జపాన్ బొమ్మల సీరియల్ ఒకటుంది, ఇద్దరు స్నేహితుల కథ. అరుపులు, తన్నుకోవడాలు, ఏడుపులు, మళ్లీ కావలించుకోవడాలు. మా ఆఫీసు కుర్రాళ్లు ఇప్పటికీ దాని పేరెత్తితే కళ్లు తుడుచుకుంటారు. అందులో ఒక ఘట్టం నాకు ప్రాణం. స్నేహితుడు అలిగి తలుపు మూసుకుంటే, హీరో పిలవడు, బతిమాలడు. గడప మీద కూర్చుని దిల్‌పసంద్ సగం తిని, మిగతా సగం అక్కడ పెట్టి వెళ్లిపోతాడు. అది చూస్తే మా పిల్ల మెత్తబడుతుందని నా నమ్మకం.

ఆదివారం పొద్దున్నే ఫోన్ ముందు కూర్చున్నాం. ఎంత చూసినా ఆ ఘట్టం రాదు. అలక ఉన్న ఎపిసోడ్లన్నీ నేను ముందుకూ వెనక్కూ జరుపుతుంటే పిల్లకు విసుగొచ్చింది.

"అయిపోయింది మమ్మీ, గిదే లాస్ట్. అసలు జపాన్‌ల దిల్‌పసంద్ ఎక్కడిది?"

నిజమే. మా ఉప్పుగూడ బేకరీలో కొబ్బరి కూరి అమ్మే దిల్‌పసంద్ జపాన్ వాడి చేతికెలా వచ్చింది? ఇన్నేళ్లూ ఆ అనుమానమే రాలేదంటే నా తెలివికి దండం పెట్టాలి. ఆ కథ నేను చూసింది తక్కువ, విన్నది ఎక్కువ. అప్పట్లో మాకు కేబుల్ లేదు. మేడ మీద పోర్షన్‌లో ఉండే నా దోస్తు చూసొచ్చి, బడికి నడుస్తూ చేతులు తిప్పుకుంటూ చెప్పేది. ఇప్పుడు చాంద్రాయణగుట్టలో ఉంటుంది. అప్పటికప్పుడు ఫోన్ చేసి, స్పీకర్ పెట్టి నిలదీశాను.

ఆమె పకపకా నవ్వింది. "అరే, అది టీవీల రాలేదే. నేనే కల్పించి చెప్పిన."

"ఎందుకే?"

"నీకు టైఫాయిడొచ్చి గుండు చేయించిన్రు, యాదుందా? ఎవ్వరికీ మొహం చూపియ్యలే. నేనొస్తే గూడ తలుపు తీయలే. మీ గడప మీద కూసున్న. అమ్మీ ఇచ్చిన దిల్‌పసంద్ సగం తిని, సగం నీకు పెట్టి పోయిన. నీకు చెప్పనీకి షరమ్ అనిపించింది. గందుకే ఆ హీరో చేసిండని చెప్పిన."

గడప మీద చీమలు బారులు తీరడం, మా అమ్మ తిట్టుకుంటూ ఊడ్చేయడం గుర్తొచ్చాయి. ఆ బొమ్మల హీరో మీద నాకున్న ప్రేమంతా ఈమెకు చెందవలసింది. ఏడుపు ఆగలేదు.

పిల్ల ఫోన్ దగ్గరికి జరిగింది. "మీకు కోపం రాలేదా ఆంటీ?"

"మస్తొచ్చింది బేటా. తెల్లారి మళ్ల పోయిన. ఆ రోజు గూడ మీ మమ్మీ తలుపు తీయకపోతే, ఇంక పోకపోతుంటినేమో."

నా దోస్తు ఇంకా ఏదో చెబుతూనే ఉంది. మా అమ్మాయి ఆ కాల్ కట్ చేసి, తన స్నేహితురాలి నంబరు నొక్కింది.