జర్మన్ టీవీలో నెల్లిమర్ల

నేను విజయనగరంలో ఒక కాలేజీలో చరిత్ర చెబుతాను. హైదరాబాదులో నేర్చుకున్న జర్మన్ వృథా పోకూడదని, తూర్పు జర్మనీ టెలివిజన్ మన దేశం మీద తీసిన డాక్యుమెంటరీల చరిత్రను పీహెచ్‌డీకి ఎంచుకున్నాను. "ఇక్కడ కూర్చుని అక్కడి సంగతులు ఏం తవ్వుతావమ్మా?" అనేవారు మా గైడు. నిజమే. చాలా చిత్రాలకు పేరు తప్ప ఏమీ మిగల్లేదు.

ఒక పాత టీవీ పత్రికలో మాత్రం, ఆంధ్ర తీరంలోని జూట్ మిల్లు మీద తీసిన చిన్న చిత్రం ప్రస్తావన కనిపించింది. నాకు మా పక్కనే ఉన్న నెల్లిమర్ల మిల్లు తట్టింది. బస్సెక్కి వెళ్ళాను.

అడగ్గా అడగ్గా, ఒకప్పుడు మిల్లులో పనిచేసిన ముసలామె దొరికింది. వాకిట్లో కూర్చుని చింతపండులో పిక్కలు తీస్తోంది.

"తెల్లోలా? ఒచ్చారు. ఇంతింత లైట్లెట్టారు," అంది. "నానూ మా సెల్లీ నార దువ్వతా పాట పాడినాం. దాన్ని మరోపాలి పాడమన్నారు. దాని గొంతు అంత బాగుండీది."

ఆ మరుసటేడే చెల్లెలు కామెర్లతో పోయిందట. ఒక్క ఫోటో కూడా లేదట.

"దాని మొకం మర్సిపోతన్నానమ్మీ. ఆ బొమ్మ ఎక్కడున్నాదో సూడు. ఒక్కపాలి సూపించు."

చూపిస్తానన్నాను. ఒక ఆర్కైవ్ ఇంకో ఆర్కైవ్‌ను అడగమనేది. అది, హక్కులెవరివో తేలలేదనేది. ఏడాది దాటాక ఒకచోట రీలు దొరికింది, డిజిటల్ కాపీ పంపారు. ఆ సంతోషంలో ముందుగా చూడనైనా చూడకుండా, లాప్‌టాప్ పట్టుకుని నెల్లిమర్ల వెళ్ళాను.

మిల్లు గేటు, సైకిళ్ళు, నార మోపులు. తర్వాత నార దువ్వుతున్న రెండు చేతులు.

"ఓలమ్మ! ఈ గాజులు నాయే!" అని తెర దగ్గరికి జరిగింది.

కెమెరా మెల్లగా పక్కకు కదిలింది. తెర మీదికి ఒక యంత్రం వచ్చింది, ఆ వెనక మేనేజరు. పాట ఎక్కడో అడుగున సన్నగా వినిపిస్తోంది. దాని మీద జర్మన్‌లో ఒక మగగొంతు.

"ఆడేటంతన్నాడు?"

ఈ ఆడవాళ్ళు నోరు విప్పకుండా పనిచేస్తారని అంటున్నాడు. ఆ మాట ఆమెకు చెప్పలేక, "మిల్లు గురించి చెబుతున్నాడు మామ్మా," అన్నాను.

"ఆడు కాసేపు ఊరుకుంటే అది పాడింది ఇనిపించును."

మళ్ళీ వేశాను. మళ్ళీ మళ్ళీ వేశాను. చెవి ఆనించి విన్నా, ఏది తన గొంతో ఏది చెల్లెలిదో ఆమెకే తెలియలేదు.

మిగిలిన ఫిల్ము ఉందేమోనని ఆర్కైవ్‌లో పనిచేసే ఆవిడతో వీడియో కాల్‌లో మాట్లాడాను. వాడని ముక్కలు అప్పట్లోనే పారేసేవారని, ఆ పాట విడిగా ఎక్కడా లేదని చాలా నొచ్చుకుంటూ చెప్పింది. ఆ సంగతి చెప్పడానికి నెల్లిమర్ల వెళ్తే, ముసలామె నా ముఖం చూసే గ్రహించింది.

"నేదా?"

"లేదు మామ్మా."

"పోన్లే. ఇంకెతక్కు."

చాప మీద కాస్త జరిగి నాకు చోటిచ్చింది.

థీసిస్‌లో ఆ చెల్లెలి గురించి ఒక పేరా రాశాను. చదివిన పరీక్షకులు దానికి ఆధారం చూపమన్నారు. ముసలామె మాట తప్ప నా దగ్గర ఏమీ లేదు. తీసేశాను.