ఉప్పుగాలి చెయ్యని పని

మా ఇంటి పాత కంప్యూటర్‌ను ఉప్పుగాలి తినేసిందని డాలీగంజ్‌లో మా చుట్టాలందరూ ఇప్పటికీ అనుకుంటున్నారు. అలా చెప్పింది నేనే. అది నిజం కాదు.

సముద్రం అడుగున కేబుల్ రాకముందు మా దీవుల్లో ఇంటర్నెట్ నత్తనడక. అందుకని ఓడలో చెన్నై వెళ్లేవాళ్ల చేతికి ఖాళీ హార్డ్ డిస్కు ఇచ్చి పంపేవాళ్లం. నిండి తిరిగొచ్చేది. సినిమాలు, ఆటలు, అన్నీ దొంగ కాపీలే. మాకు మాత్రం ఊరి నుంచి ఆవకాయ తెప్పించుకున్నట్టే ఉండేది.

ఒకసారి మా బావ తెచ్చిన డిస్కులో లారీ నడిపే ఆట వచ్చింది. నేను దీవుల్లో పుట్టినవాణ్ణి. ఎటు వెళ్లినా కాసేపటికి నీళ్లే. తెగకుండా సాగే రోడ్డు ఎలా ఉంటుందో చూడాలని నలభై దాటినా ఉబలాటం. ఆటతోపాటు ఒక సూచన ఉంది: ముందు యాంటీవైరస్ ఆపెయ్యాలట. ఇంట్లోకి రావడానికి కాపలావాణ్ణి ఎందుకు పంపెయ్యమంటున్నారా అనిపించింది. అయినా ఆపేశాను. రోడ్డు మాత్రం అద్భుతంగా ఉంది.

వారం తిరక్కుండా ఫైళ్ల పేర్లన్నీ మారిపోయాయి. ఏదీ తెరుచుకోలేదు. డబ్బు కడితే తాళం తీస్తామని తెర మీద బెదిరింపు. ఆ ఫైళ్లలో మా మామగారి గొంతు ఉంది. ఆయన హాడో రేవులో పనిచేసి రిటైరయ్యారు. వాళ్ల నాన్న శ్రీకాకుళం వదిలి ఓడెక్కిన కథ ఆయన చెబుతుంటే మా ఆవిడ ఫోనులో రికార్డు చేసి, ఫోను నిండిపోయిందని కంప్యూటర్‌లో దాచింది. ఇంకో కాపీ లేదు. మళ్లీ చెప్పించుకుందామంటే ఆయనకు అప్పటికే జ్ఞాపకం తప్పింది.

"ఉప్పుగాలి," అన్నాను. ఆమె నమ్మింది. కొత్త కంప్యూటర్‌కు రెక్సిన్ తొడుగు కుట్టి, రోజూ సాయంత్రం తొడిగేది.

మొన్న ఆ తొడుగు చిరిగితే కుట్టడానికి కూర్చుంది. అప్పుడు చెప్పేశాను.

సూది ఆగింది. "మా నాన్న గొంతు తాకట్టెట్టి లారీ నడిపారా?"

"ఊఁ."

"ఎందాకా ఎల్లారేటి?"

"నాగపూర్ దాకా."

"బస్, అంతేనా. ఆ ఫైలు పారేసినారా?" అంది.

పారెయ్యలేదు. పాత కంప్యూటర్‌లోని డిస్కు తెచ్చి చూపించాను. ఫైలు సైజు ఇంచుమించు అంతే ఉంది. గొంతు లోపలే ఉందన్నమాట, వినపడదంతే. ఇలాంటి తాళాలకు ఎప్పుడో ఒకప్పుడు తాళంచెవులు బయటపడుతుంటాయని చదివానని చెప్పాను.

ఆమె తొడుగును కంప్యూటర్‌కు కాకుండా మిక్సీకి వేసింది. డిస్కును గుడ్డలో చుట్టి బియ్యం డబ్బాలోకి దించింది.

"బయటుంటే దీన్ని నిజంగానే ఉప్పుగాలి తినేస్తాది," అంది.