గీత మీద నిలబెట్టిన ట్రాలీ

మా షెడ్డులో ట్రాలీ పడుకొని ఉండదు, నిలబడి ఉంటుంది. కొత్తగా వచ్చినవాళ్ళు దాన్ని చూసి ముందు గోడ అనుకుంటారు. తర్వాత గాల్లో వేలాడే రెండు చక్రాలు కనబడతాయి, ఇదేందప్పా అని అడుగుతారు. జాగా కోసం అంటాను. అంతకు మించి చెప్పే ఓపిక నాకుండదు. చీకటితో లేచి, పాకాలలో రైలెక్కి, రేణిగుంటలో ఒక గోడౌను ముందర రోజంతా లారీల మధ్య నిలబడి, మళ్ళీ అదే రైల్లో తిరిగొచ్చే మనిషిని. ఇంటికొచ్చేసరికి చెప్పులు విప్పడమే పెద్ద పనిగా ఉంటుంది. ఇప్పుడు ఒక ఆదివారం తీరిక దొరికింది కాబట్టి రాస్తున్నాను.

ట్రాలీ మా నాయన కొన్నది. చిన్న ట్రాక్టరు వెనక తగిలించుకునే రెండు చక్రాల ట్రాలీ. చిత్తూరులో ఎవరో వాడి వదిలేసినదాన్ని తెచ్చి, రేకులు మార్పించి, నీలం రంగు వేయించాడు. ట్రాక్టరుకు తగిలించే ముందరి ఇనుప కమ్మీని, ఎద్దుబండికి అన్నట్టే, నొగ అనేవాడు. తర్వాత ట్రాక్టరు అమ్మేశాడు గానీ ట్రాలీని మాత్రం వదల్లేదు. మామిడి కోతల కాలంలో వీధిలో ఎవరిదైనా చిన్న ట్రాక్టరు బాడుగకు మాట్లాడుకొని, దానికి ఈ ట్రాలీ తగిలించి, మా బెంగళూరా కాయల్ని దామలచెరువు మండీకి తోలేవాడు. మిగతా ఏడాదంతా అది షెడ్డులో పడి ఉండేది. దాని మీద రాగులు ఎండేవి, కోళ్ళు గుడ్లు పెట్టేవి, మధ్యాహ్నాలు నాయన నిద్రపోయేవాడు.

నాయన పోయిన మరుసటేడు నేనూ మా అన్నా భాగాలు పంచుకున్నాం. మేమిద్దరమే. ఇంటికి మధ్యలో గోడ లేచింది. తోటలో ఎవరి వరసలు వాళ్ళవయ్యాయి. షెడ్డుకు ఒకటే గేటు కాబట్టి గోడ కుదరలేదు, పెద్దమనుషులు నేల మీద సున్నంతో గీత గీశారు. అటు అన్న ఆవులు, ఇటు నా మోటారుసైకిలు, వంటకట్టెలు. ఇద్దరికీ మామిడి చెట్లున్నాయి కదా, ట్రాలీ ఉమ్మడిగా ఉండనీ అన్నారు. అన్నారు గానీ దాన్ని ఎక్కడ పెట్టాలో చెప్పడం మరిచిపోయారు. పడుకోబెడితే షెడ్డంతా అదే. నా వైపు వద్దని నేను, నా వైపు వద్దని అన్న. పొద్దుటినుంచి కాఫీలు తప్ప ఏమీ ముట్టని మా మేనమామకు ప్రాణం విసిగింది.

"నిలబెట్టండప్పా దాన్ని గీత మీద. ఎవురి జాగా పోదు," అన్నాడు.

ఆయన విసుగులో అన్న మాటే గానీ మేం నిజంగానే నిలబెట్టాం. ఊళ్ళో కొన్నాళ్ళు నవ్వుకున్నారు. చక్రాలు అన్న వైపుకు, తొట్టి నా వైపుకు వచ్చాయి. ఆ తొట్టి రేకులకు నేను కొక్కేలు కొట్టి హెల్మెట్టు, గొడుగు, క్యారేజీ సంచి తగిలించుకున్నాను. అటు వైపు ఇరుసు మీద అన్న పలుపుతాళ్ళు ఆరేసేవాడు. అలా అది మా మధ్య నిజంగానే గోడ అయింది.

పంపకాల రోజే ఇంకో పని కూడా జరిగింది. చెట్ల వరసలు చూపించేటప్పుడు అన్న నలుగురిలో ఒక మాట అన్నాడు, రైల్లో తిరిగేవాడికి తోట ఏ దిక్కున ఉందో కూడా తెలియదని. నాకు తిక్క రేగింది. నాయన పక్కన కూర్చున్నంత మాత్రాన నువ్వే కొడుకువి అయిపోవు అన్నాను. నేనన్నదే ఎక్కువ. ఆ సంగతి నాకు ఆ సాయంత్రమే తెలుసు. అయినా వెళ్ళి చెప్పలేదు. అప్పటినుంచి మాకు మాటల్లేవు. ఆడవాళ్ళు గోడ మీదుగా కూరగిన్నెలు అందించుకునేవాళ్ళు, మేం మాత్రం గేటు దగ్గర ఎదురుపడితే చెరో దిక్కు చూసుకునేవాళ్ళం.

అయితే ట్రాలీని ఒక్కడు దించలేడు, ఒక్కడు ఎత్తలేడు. కోతలకు ముందు దించాలి, కోతలయ్యాక ఎత్తాలి. బోరు వచ్చాక పనిలేకుండా పోయిన మా పాత బావి గిలకను దూలానికి బిగించాం. నొగకు తాడు కట్టి, గిలక మీదుగా తెచ్చి, స్తంభానికి రెండు చుట్లు చుట్టి నేను పట్టుకునేవాణ్ణి. అన్న నొగ కింద భుజం పెట్టేవాడు. ఎత్తేటప్పుడు ఆయన లేపుతుంటే నేను లాగడం, దించేటప్పుడు ఆయన కాస్తుంటే నేను వదలడం. ఇంటికి పెద్దవాడు కాబట్టి హుకుంలన్నీ ఆయనవే. పట్టు. నిదానం. వదులు. ఇంకొంచెం. ఇవే మా మాటలు.

పనయ్యాక ఆయన వెంటనే వెళ్ళిపోయేవాడు కాదు. మా వైపు అరుగు మీద కూర్చొని మా ఆవిడ ఇచ్చిన నీళ్ళు తాగేవాడు. నీ చెట్లకు మంచు తెగులు పట్టింది, మందు కొట్టించు అనేవాడు. రైలు సరిగ్గా వస్తోందా అని అడిగేవాడు. నేను ఊఁ అనేవాణ్ణి. అలా కాసేపు కూర్చొని, తువ్వాలు దులుపుకొని లేచేవాడు. ఏడాదికి రెండుసార్లు. దాన్ని నేను మాట్లాడుకోవడం కింద ఎప్పుడూ జమ కట్టలేదు.

పైగా నాకది పెద్ద పీడగా ఉండేది. నాకు తీరిక దొరికేది ఆదివారమే, ఆయనకు ఆదివారమని గుర్తుండదు. ఒకసారి పొద్దున వస్తానని మా ఆవిడతో చెప్పించి సాయంత్రం దాకా మొహం చూపించలేదు. ఆవు ఈనుతోందట. బాడుగ ట్రాక్టరు గేటు బయట నిలబడి, దాని మనిషి గొణిగి గొణిగి వెళ్ళిపోయాడు. వారమంతా ఒళ్ళు హూనం చేసుకొని, ఉన్న ఒక్క రోజూ ఇలా ఇంకొకరి కోసం కాచుకోవాలా అనిపించింది. ఆ కోపం నాలో చాలా రోజులు అలాగే ఉండిపోయింది.

గోడౌనులో మూలన పడేసిన చేతి వించి ఒకటి ఉండేది. పిడి పెట్టి తిప్పితే తాడు చుట్టుకుంటుంది, చెయ్యి వదిలినా జారదు. అక్కడి మెకానిక్కును బతిమాలి దాన్ని బాగుచేయించుకున్నాను. గోతాంలో చుట్టి రైల్లో ఒళ్ళో పెట్టుకొని తెచ్చాను. షెడ్డు స్తంభానికి బోల్టులేసి బిగించాను. ఇక ఎవరి భుజమూ అక్కర్లేదు, నేనొక్కణ్ణే తిప్పుకుంటే చాలు. చాలా రోజుల తర్వాత నామీద నాకు గౌరవం కలిగింది.

మా ఆవిడ చూసి, "బావకు సెప్పినారా?" అంది.

చెప్పేదేముంది అన్నాను.

ఆ ఏడు మొదటిసారి ఒక్కణ్ణే దించుతున్నాను. వించి టకటక చప్పుడు విని అన్న ఆవుల దగ్గరనుంచి వచ్చి గీత అవతల నిలబడ్డాడు. పంచె ఎగగట్టుకొని, తువ్వాలు భుజం మీద మడతపెట్టి వేసుకొని ఉన్నాడు. నేను పిలుస్తానని ముందే సిద్ధంగా ఉన్నాడని నాకు తర్వాత తట్టింది. ట్రాలీ చక్రాలు నేలను తాకేదాకా చూశాడు.

"బాగుండాది," అన్నాడు. లోపలికి వెళ్ళిపోయాడు.

తన కాయలు తోలడం అయ్యాక, నేను ఊళ్ళో లేని రోజు చూసి ఆయనే వించి తిప్పుకొని ఎత్తి పెట్టేశాడు. పిడిని తుడిచి నా వైపు కొక్కేనికే తగిలించాడు. ఆ తర్వాతి ఏడూ అంతే. నా పని నాది, ఆయన పని ఆయనది. అరుగు మీద ఎవరూ కూర్చోలేదు. ఏదో తగ్గిందని నాకు తెలియలేదు సరికదా, హాయిగా ఉందనుకున్నాను.

ఈ ఏడు మామిడి పూత మీద ఉండగా ఒక సాయంత్రం రైలు దిగి వచ్చేసరికి అన్న వాకిలికి బీగం ఉంది. వదిన పుట్టిల్లు కార్వేటినగరం, అక్కడికి వెళ్ళి ఉంటారని మా ఆవిడ అంది. ఆవులకు గడ్డి వేయమని వీధి చివర ఒకాయనకు అప్పజెప్పి వెళ్ళారు. పక్కనున్న నాకు గానీ మా ఆవిడకు గానీ చెప్పలేదు. సరే, గేటు దగ్గర ఎదురుపడే బాధ లేదు అనుకొని పడుకున్నాను. బీగం తొమ్మిది రోజులు అలాగే ఉంది.

పదో రోజు ఆటో వచ్చింది. వదిన చెయ్యి పట్టుకుంటే అన్న దిగాడు. చొక్కా వదులైంది, గడ్డం తెల్లగా పెరిగింది. గుండెకు స్టెంటు వేశారట. తిరుపతి ఆసుపత్రిలో తొమ్మిది రోజులున్నాడట. నేను ఆదివారం పోగా ఆ తొమ్మిది రోజులూ పొద్దునొకసారి, సాయంత్రమొకసారి తిరుపతి మీదుగానే పోయాను. ఆ స్టేషన్లో రైలు ఆగితే కిటికీలోంచి టీ అడిగి తాగాను. ఆసుపత్రి అక్కడినుంచి ఆటోకు పది నిమిషాలు.

గోడ దగ్గర వదినను నిలదీశాను. ఒక్క ఫోను చేయడానికి చేతులు రాలేదా అన్నాను. ఆమె కోపం తెచ్చుకోలేదు. అలిసిపోయి ఉంది.

"నేను సేస్తాననే అనినాను. ఆయనే వొద్దనినాడు. వాడికి ఇప్పుడు నాతో పనేముండాది అనినాడు."

ఆ రాత్రి షెడ్డులోకి వెళ్ళి వించి ముందు నిలబడ్డాను. సిగ్గుగా ఉండింది, చాలా సిగ్గుగా. మాట్లాడుకోకపోవడానికి పంపకాలనాడు నేనన్న మాటే కారణమని ఇన్నాళ్ళూ అనుకున్నాను. ఆ మాటను ఆయన ఎప్పుడో దాటుకొని వచ్చాడు, ఏడాదికి రెండుసార్లు, భుజాన తువ్వాలు వేసుకొని. దారి మూసింది నేను, నాలుగు బోల్టులు బిగించి.

మరుసటి రోజు వెళ్ళి చూసి వచ్చాను. మంచం పక్కన కూర్చున్నాను. ఇంట్లో చుట్టాలున్నారు. ఎట్లుందన్నా అన్నాను, ఉండాదిలే అన్నాడు. ఏ పనీ లేకుండా ఎదురెదురుగా కూర్చొని మాట్లాడుకోవడం మా ఇంట్లో ఎవరికీ రాదు, మా నాయనకూ రాలేదు.

కాయలు ముదిరాయి. ట్రాలీ దించాల్సిన ఆదివారం వచ్చింది. పొద్దున్నే లేచి వించి పిడి ఊడదీశాను. ఎక్కడ పెట్టాలో తోచక వంటింట్లో రాగుల డబ్బాలో లోపలికంటా దూర్చాను. మా ఆవిడ చూసి, డబ్బా మూత తనే బిగించింది. తర్వాత వెళ్ళి అన్న వాకిట్లో నిలబడ్డాను.

"అన్నా, వించి పిడి కనపళ్ళేదు. ట్రాలీ దించాల. ఒక సెయ్యి వేస్తావా?"

ఆయన పేపరు మడిచి పక్కన పెట్టాడు.

"నన్ను బరువులు ఎత్తొద్దనినారు."

"నువ్వు ఎత్తొద్దు. తాడు పట్టుకో చాలు. కింద నేనుంటా."

తువ్వాలు వెతుక్కొని భుజాన వేసుకొని వచ్చాడు. పాత తాడు గిలక మీదకు ఎక్కించాం. స్తంభానికి రెండు కాదు, మూడు చుట్లు చుట్టాను. ఆయన తాడు కొస పట్టుకొని నిలబడ్డాడు, నేను కిందకు వెళ్ళాను. అన్నేళ్ళలో ఆ వైపు నిలబడడం నాకదే మొదటిసారి. నొగ వాలేకొద్దీ బరువు భుజం మీదకు దిగింది. సగానికి వచ్చేసరికి మెడ నరాలు లాగాయి, కళ్ళలోకి చెమట కారింది. ఇంత బరువని నాకు తెలియదు. ఇన్నేళ్ళూ తాడు పట్టుకొని నిలబడి, కష్టమంతా నాదే అనుకున్నాను.

"నిదానం," అన్నాడు అన్న స్తంభం దగ్గరనుంచి. "ఊపిరి పీల్చుకో. నేను పట్టుకోనుండా."

చక్రాలు నేల మీద ఆనాయి. నేను అక్కడే కూలబడ్డాను. ఆయన వచ్చి, అరుగు దాకా పోకుండా, ట్రాలీ అంచు మీదే కూర్చున్నాడు. మా ఆవిడ నీళ్ళు తెచ్చింది. నీళ్ళు తాగుతూ ఆసుపత్రి సంగతులు చెప్పాడు. పక్క మంచం ముసలాయన గురక, ఉప్పులేని ఉప్మా, రాత్రిళ్ళు కిటికీలోంచి వినబడే రైళ్ళ కూతలు. ఇది వాడు పోయే బండి అనుకునేవాణ్ణి అన్నాడు. నేను పోయేది పగటి బండి అని చెప్పబోయి ఊరుకున్నాను. నాకు ఏడుపొచ్చింది. చెమట తుడుచుకున్నట్టు మొహం తుడుచుకున్నాను.

లేచి వెళ్తూ స్తంభం దగ్గర ఆగాడు. పిడి లేని వించి మీద చెయ్యి వేసి చూశాడు.

"కోతలైనాక మళ్ళా ఎత్తాల కదా," అన్నాడు.

"ఎత్తాలన్నా."

"అబ్బోడా, అప్పుటికి కూడా ఆ పిడి దొరకనీకు."

ఇంకో రెండు వారాల్లో కోతలైపోతాయి. డబ్బాలో రాగులు సగానికి వచ్చాయి. అవి అయిపోయేలోగా పిడిని ఇంకెక్కడైనా దాచాలి.