తూనీగను మీ ఊళ్ళో ఏమంటారు?

నిషిగోరి మాస్టారికి ఏ వస్తువును చూసినా ఒక్కటే అనుమానం: దీన్ని ఎదుటివాడి ఊళ్ళో ఏమంటారు? ఆకలేస్తే అన్నం అడిగేవాళ్ళున్నారు, దారి తప్పితే దారి అడిగేవాళ్ళున్నారు. మాస్టారు మాత్రం ఆకలేసినా, దారి తప్పినా, కొంప అంటుకున్నా మాటే అడుగుతారు. టోక్యోలో ఆయన కాపురముండే హొంగో పేటలో ఈ ప్రశ్న తప్పించుకున్న మనిషి లేడు. పిల్లులను కూడా అడుగుతారని గిట్టనివాళ్ళు అంటారు గానీ అది శుద్ధ అబద్ధం. ఆయన అడిగింది పిల్లి తాలూకు ఆసామీని.

కివా అనే పిల్ల ఆ పేటలోని ఒక భోజనశాలలో పనికి చేరిన మొదటి రోజే, యజమానురాలు మసు గారు ఆమెను పక్కకు పిలిచి హెచ్చరించింది.

"ఆ మూల బల్ల దగ్గరికి రోజూ మధ్యాహ్నం ఒక పెద్దమనిషి వస్తాడు. యూనివర్సిటీలో భాషాశాస్త్రం చెబుతాడట. మంచివాడే, కానీ అన్నం తినడానికి రాడు, అడగడానికొస్తాడు. సోయా సాస్‌లో వేలు ముంచి బల్ల మీద బొమ్మలేస్తాడు. గుడ్డ చేతిలో పెట్టుకుని తిరుగు."

కివా తలూపింది. ఆ పిల్ల ఏం చెప్పినా తలే ఊపుతుంది.

మాస్టారి కథలు పేటంతా పాకి ఉన్నాయి. ఒకసారి ట్రాములో ఒకడు ఆయన జేబులో చెయ్యి పెట్టాడట. మాస్టారు ఆ చెయ్యి పట్టుకున్నారు. "వదిలెయ్యండి సామీ, బుద్ధి గడ్డి తిన్నాది" అని వాడు గింజుకున్నాడు. ఆ మాట వినగానే మాస్టారి మొహం చాటంత అయింది.

"నోటో తీరం వాడివి కదూ? అక్కడ నత్తను ఏమంటారు నాయనా?"

"పోలీసులకి అప్పగిస్తారా, నత్తను అడుగుతారా?"

"ముందు నత్త."

దొంగ నత్త చెప్పాడు. తర్వాత మోకాలు చెప్పాడు, మిణుగురు పురుగు చెప్పాడు, చిటికెన వేలు చెప్పాడు. చివరికి ప్రాణం విసిగి, కొట్టేసిన పర్సు తనే ఆయన ఒళ్ళో పడేసి, కదులుతున్న ట్రాములోంచి దూకి పారిపోయాడు. వానపామును అడగడం మరిచిపోయానే అని మాస్టారు చాలా రోజులు బెంగపెట్టుకున్నారు. పళ్ళ డాక్టరుతో ఇంకో గొడవ. నోట్లో పటకారు ఉండగానే ఆయన పటకారును ఏమంటారని అడగబోయారు. డాక్టరు కంగారుపడి పక్క పన్ను పీకాడు.

ఈ పిచ్చికి వెనక ఒక సిద్ధాంతం లేకపోలేదు. రాజధాని మాట పాలు, పల్లె మాట విరిగిన పాలు అని పూర్వపు పండితులు తీర్మానించి హాయిగా నిద్రపోయారు. మాస్టారిది ఇంకో దారి. చెరువులో రాయి వేస్తే వలయాలు ఒడ్డుకు పోయినట్టు, రాజధానిలో పుట్టిన మాటలు ఊళ్ళు దాటుకుంటూ దేశం అంచులకు చేరతాయి. నడుమ నీళ్ళు ఎప్పుడో నిమ్మళించిపోతాయి, ఒడ్డున మాత్రం అల ఇంకా ఆడుతూనే ఉంటుంది. కాబట్టి వెయ్యేళ్ళ నాటి మాట కావాలంటే రాజభవనానికి కాదు, కొండకొమ్మున ఉన్న ముసలమ్మ దగ్గరికి పోవాలంటారు. పోయి అడిగే పద్ధతి కూడా ఒకటుంది. మాట మనం అందించకూడదు, బొమ్మ చూపించి ఊరుకోవాలి. చెప్పినవాళ్ళ మాటను చచ్చినా దిద్దకూడదు. ఈ రెండో నియమాన్ని మాస్టారు తన విద్యార్థులకు దీక్ష ఇచ్చినట్టు ఇచ్చేవారు.

ఇక కివా సంగతి. ఆ పిల్లది ఉత్తరాన, అకిత మంచుకొండల్లో కజునో అనే చోటు. మూగది కాదు. బళ్ళో ఊరి యాసలో మాట్లాడినవాళ్ళ మెడలో ఒక చెక్కపలక వేలాడదీసేవారు. ఇంకొకరు నోరు జారేదాకా దాన్ని మొయ్యాలి. కివా మెడను ఆ పలక ఒక పట్టాన వదిలేది కాదు. ఆ సిగ్గు ఎముకల్లోకి దిగిపోయింది. టోక్యో రైలెక్కేటప్పుడే ఈ మహానగరంలో పళ్ళు ఇకిలించుకోవడానికి ఎవరికీ అవకాశం ఇవ్వకూడదని నోటికి తాళం వేసుకుంది.

కానీ భోజనశాలలో తాళం పనికిరాదు. వచ్చినవాళ్ళను కేకేసి పిలవాలి, వాళ్ళు అడిగింది వంటింట్లోకి కేకేసి చెప్పాలి. కివా మాత్రం పరిగెత్తి వంటింట్లోకి వెళ్ళి, వేళ్ళతో సైగ చేసి వచ్చేది. చేప అడిగితే వంటవాడు పంది మాంసం, పంది మాంసం అడిగితే గుడ్డు ఇచ్చేవాడు. మసు గారికి తిక్క రేగింది.

"చూడవే పిల్లా, అన్నం కంటే ముందు గొంతు అమ్మాలి ఇక్కడ. నేను మూడు తరాల నుంచి ఈ నగరం దాన్ని, నాకు తెలుసు. ఏప్రిల్లో యూనివర్సిటీ తెరుస్తారు, జనం విరగబడతారు. ఆలోగా నోరు విప్పావా సరే, లేదంటే రైలెక్కి మీ ఊరెళ్ళిపో."

కివా తలూపింది. ఊరెళితే ఆ పిల్లకు చోటు లేదు. అన్నకు పెళ్ళయింది, ఇల్లు చిన్నది, పొలం ఇంకా చిన్నది. ఆ రోజు గిన్నెలు తోముతూ ఏడ్చింది గానీ ఆ ఏడుపు కూడా చప్పుడు లేకుండానే ఏడ్చింది.

సరిగ్గా ఆ వారంలోనే మాస్టారి కన్ను కివా మీద పడింది. వేలు సోయా సాస్‌లో ముంచారు. బల్ల మీద పొడుగు తోక, నాలుగు రెక్కలు, రెండు గుడ్లు వేశారు.

"తల్లీ, దీన్ని మీ ఊళ్ళో ఏమంటారు?"

కివా బొమ్మను తుడిచేసి వెళ్ళిపోయింది. మర్నాడు మళ్ళీ తూనీగ. మళ్ళీ తుడిచింది. ఆ పై రోజు ఆయన తూనీగకు మీసాలు కూడా పెట్టారు. కివా నవ్వు బిగపట్టుకుంది. అటూ ఇటూ చూసి, వంగి, ఆయన చెవిలో గొణిగింది.

"దంబురి."

మాస్టారు కళ్ళు మూసుకున్నారు. వేడి పులుసు గుటక వేసినంత సుఖంగా నిట్టూర్చారు. మంచి మాట, చాలా మంచి మాట అని చెప్పి వెళ్ళిపోయారు. కివాకు కాళ్ళు నేల మీద ఆనలేదు. ఆ మాట మంచిదని ఆ పిల్లతో అన్న మనిషి ఇంతవరకూ లేడు.

చిక్కేమిటంటే మర్నాడు ఆయన మళ్ళీ తూనీగ వేశారు.

"తల్లీ, దీన్ని మీ ఊళ్ళో..."

"దంబురి" అంది కివా, కొంచెం గట్టిగా.

"ఆఁ? ఈ చెవి సరిగ్గా వినబడదు."

మర్నాడూ అంతే, ఆ మర్నాడూ అంతే. ఒకరోజు చెవి, ఒకరోజు ట్రాము రొద, ఒకరోజు చేపముల్లు గొంతుకు అడ్డం పడిందన్నారు. మాస్టారికి మతి చలించిందని మసు గారు తేల్చేసింది. ఏప్రిల్ ముంచుకొస్తోంది. కివా ఇంకా వంటింట్లోకి పరిగెత్తి సైగలే చేస్తోంది.

ఒక మధ్యాహ్నం భోజనశాల కిటకిటలాడుతోంది. కివా రెండు చేతుల్లో నాలుగు గిన్నెలున్నాయి, ఒక దాంట్లోంచి పులుసు మణికట్టు మీద కారుతోంది. మాస్టారు కొంగు పట్టుకున్నంత పని చేశారు.

"తల్లీ, ఈ తూనీగను మీ ఊళ్ళో..."

కివాలో ఏదో తెగిపోయింది.

"సెప్పేను కదేటండీ మేస్టారూ! నిన్న సెప్పేను, మొన్న సెప్పేను, అటు మొన్నా సెప్పేను! దంబురి! దంబురి! దంబురి! మీ సెవుల్లో దంబురులు గానీ గూడెట్టుకున్నాయేటి?"

కప్పులు గలగలలాడాయి. అందరి చేతులూ ఆగిపోయాయి. కిటికీ పక్కన టై కట్టుకుని కూర్చున్న బ్యాంకు గుమస్తా ఫక్కున నవ్వాడు.

"ఏ కొండ మీంచి దిగిందో!"

కివా గిన్నెలు బల్ల మీద పెట్టేసింది. ఇక మూట కట్టుకోవడమే అనుకుంది. మాస్టారు మాత్రం నింపాదిగా కుర్చీ తిప్పి గుమస్తా వైపు కూర్చున్నారు.

"ఏం బాబూ, మీ సాగా జిల్లాలో ఏమంటారు దీన్ని?"

"నాది టోక్యోనండీ!"

"నవ్వు సాగాదే."

"నవ్వుకు ఊరేంటండీ?"

"నవ్వుకే ఉంటుంది. మాటనైతే దాచుకోవచ్చు. ఊఁ, చెప్పు, సిగ్గెందుకు?"

గుమస్తా టై సర్దుకున్నాడు. నీళ్ళు తాగాడు. చుట్టూ అంతా తన నోటివైపే చూస్తున్నారు. చివరికి తల వంచుకుని, "మా కాడ ఎంబ అంటారప్పా" అన్నాడు.

"ఎంబేమిటయ్యా ఎంబ, నా మొహం! ఎక్కడైనా విన్నామా?" అంటూ మసు గారు గరిటెతో బల్ల మీద కొట్టింది. "అకెజు అనాల! మా అయ్య అకెజు అనీవోడు, మా తాత అకెజు అనీవోడు!"

అని నాలిక్కరుచుకుంది. మూడు తరాల నగరవాసి సెందాయి దగ్గర ఒక పల్లెలో పుట్టిందన్న సంగతి ఆ క్షణాన పేటంతటికీ తెలిసిపోయింది.

"మసు గారూ, అది వెయ్యేళ్ళ కిందట రాజధానిలో గొప్పవాళ్ళ నోట నలిగిన మాట!" అన్నారు మాస్టారు ఉబ్బితబ్బిబ్బై.

"నేననుకుంటానే ఉన్నాను. నా పోలికే అంత" అంది మసు గారు, జుట్టు సవరించుకుంటూ.

ఇంకేముంది, భోజనశాల రేగిపోయింది. రిక్షావాడొక మాట, చాకలివాడొక మాట, ఎవరి తూనీగ వాళ్ళది. నా తూనీగ అసలుదంటే నా తూనీగ అసలుదని ఒకరి చొక్కా ఒకరు పట్టుకున్నారు. ఆ గోలలో నగరం వాడంటూ ఒక్కడూ తేలలేదు. కివా నోరు తెరుచుకుని చూసింది. ఇన్నాళ్ళూ తాను భయపడింది ఈ జనానికా అని ఆ పిల్లకు నవ్వొచ్చింది.

సాయంత్రం మసు గారు కివా గడ్డం పట్టుకుంది.

"ఆ గొంతు ఇన్నాళ్ళూ ఎక్కడ దాచావే దొంగపిల్లా? రేపటి నుంచి కేకలన్నీ నీవే."

"మా యాసలోనేటండీ?"

"ఏ యాసైతే ఏం, వంటవాడికి వినబడాలి గానీ."

తర్వాత కొన్నాళ్ళకు మాస్టారికి జలుబు చేసింది. ఆయన భార్య హిసనో గారు పులుసు పట్టుకెళ్ళడానికి గిన్నె తెచ్చింది. కివా పులుసు పోస్తూ జాలిపడింది.

"మేస్టారికి మతిమరుపు మందేటైనా ఇప్పించండమ్మా. పాపం, సెప్పిందే అడుగుతారు."

"మతిమరుపా?" హిసనో గారు మూతి తిప్పింది. "కాపురానికొచ్చిన కొత్తలో నేను మాడ్చిన చేప ఏ చేపో ఇప్పటికీ చెబుతాడా మనిషి! ఏమడిగాడు నిన్ను?"

"మా ఊళ్ళో దంబురిని ఏటంటారని."

"కజునో తూనీగా? అది యుద్ధానికి ముందే ఆయన పుస్తకంలో అచ్చయిందమ్మా. మీ లోయలో ఆయన అడగని ముసలమ్మ లేదు."

కివా చేతిలో గరిటె ఆగింది.

"మరెందుకడిగేరు?"

"నన్నెందుకడిగాడో అందుకే. నా పుట్టిల్లు దక్షిణాన తోసా. పెళ్ళిచూపుల్లో నోరు విప్పావంటే సంబంధం తప్పిపోతుందని మా పిన్ని బెదిరించింది. నేను బొమ్మలా కూర్చున్నాను. ఈయన టీ కప్పు పక్కకు జరిపి, మీ ఊళ్ళో దిష్టిబొమ్మను ఏమంటారండీ అన్నాడు. పెళ్ళిచూపుల్లో దిష్టిబొమ్మేమిటమ్మా! నాకు నవ్వాగలేదు. నవ్వాక ఇంక నోరు మూసుకోవడమెలా? తోసా మాటలన్నీ అప్పటికే ఆయన దగ్గరున్నాయని పెళ్ళయ్యాక తెలిసింది."

"అడగలేదేటండీ మరి?"

"అడిగితే ఒప్పుకుంటాడా? సరిచూసుకుంటున్నాను అంటాడు."

హిసనో గారు వెళ్ళాక కివా చాలాసేపు గుమ్మంలోనే నిలబడింది. ఆ ముసలాయన మీద ఆ పిల్లకు చెప్పలేనంత ప్రేమ పుట్టుకొచ్చింది. దాని వెంటే కొంచెం కొంటెతనం కూడా పుట్టింది.

జలుబు తగ్గి మాస్టారు వచ్చారు. ఈసారి సోయా సాస్‌తో బల్ల మీద కప్ప వేశారు.

"తల్లీ, దీన్ని మీ ఊళ్ళో ఏమంటారు?"

కివా అమాయకంగా కళ్ళార్పింది.

"గొరొపొక్కె అంటామండీ."

మాస్టారి వేలు గాలిలో నిలిచిపోయింది.

"గొరొ..."

"పొక్కె. సిన్న గొరొపొక్కె, పెద్ద గొరొపొక్కె అని రెండు రకాలున్నాయండి."

మాస్టారి మొహం ఎర్రబడింది, ఆ పైన తెల్లబడింది. చెప్పినవాళ్ళ మాటను దిద్దకూడదు. పైగా దిద్దాలంటే అసలు మాట తనకు తెలుసని ఒప్పుకోవాలి. పాపం ఆయన రెండు గుక్కల నీళ్ళు తాగారు, పైకప్పు చూశారు. లాభం లేకపోయింది.

"అన్యాయం! మీ ఊరి ముసలమ్మలంతా నాకు బిక్కి అని..."

అక్కడ ఆగిపోయారు. భోజనశాల అంతా చూస్తోంది.

"ముసలమ్మలంతా మీకు ఏటండీ మేస్టారూ?"

"ఏం లేదు. సరిచూసుకుంటున్నాను" అన్నారు మాస్టారు, గిన్నెలోకి తల దించేసుకుని. చెవులు మాత్రం ఎర్రగా మెరుస్తున్నాయి.

కివా బల్ల మీది కప్పను తుడవలేదు. వంటింటి వైపు తిరిగి, నడుము మీద చెయ్యి వేసుకుని, వీధి చివర ట్రాము కోసం నిలబడ్డవాళ్ళు కూడా వెనక్కి తిరిగి చూసేటట్టు కేకేసింది.

"మేస్టారికి మిసో పులుసులో ఉడికిన సేప ఒకటీ! పెద్ద ముక్క ఎయ్యండీ!"