సినిమా వేషం కట్టిన గుణదల జట్కా గుర్రం

రోజూ నన్ను స్టేషను దగ్గర దింపే జట్కా గుర్రానికి సినిమాలో వేషం దొరికితే చూడకుండా ఉండగలనా? దాని పేరు బుల్లోడు. యజమాని యేసుదాసు విజయవాడ గుణదలలో మా వీధివాడే. ముందురోజే దాన్ని సినిమావాళ్ల లారీలో చల్లపల్లి దగ్గరి షూటింగుకు తీసుకెళ్లాడు. నేను రెండో శనివారం ఉదయం ఆరింటి బస్సెక్కాను.

ఉయ్యూరు దాకా నిలబడే ప్రయాణం. అక్కడ చెరకు ఫ్యాక్టరీ వాసనతోపాటు సీటూ దొరికింది. పక్కనున్న రైతు నా ప్రయాణం ఎందుకో విని, "హీరోని చూడ్డానికి కాదాండీ?" అని నన్ను ఎగాదిగా చూశాడు. పామర్రులో పెసరట్టు తిన్నాను. అల్లం చట్నీ బాగుంది, కాఫీ జోలికి మాత్రం పోకండి. చల్లపల్లిలో దిగి రిక్షాలో పొలాల వైపు వెళ్లేసరికి పది దాటింది.

బుల్లోణ్ణి గుర్తుపట్టలేకపోయాను. తలమీద కుచ్చు, వీపున జరీ గుడ్డ. కిరీటం పెట్టుకున్న హీరో ఎక్కి ఎంత అదిలించినా కదలడే! జట్కా చక్రం ఆకులకు కొరడా కర్ర తగిలించి టకటకలాడిస్తేనే పరిగెత్తడం వాడికి అలవాటు. చివరికి యేసుదాసు ఎవరిదో సైకిలు తెప్పించి, తలకిందులుగా నిలబెట్టి, కర్ర పట్టుకుని కెమెరా వెనక కూర్చున్నాడు.

నేను జనంతోపాటు, గుర్రం పరిగెత్తాల్సిన బాట రెండో చివర ఉన్నాను. అక్కడ మట్టిలో దాచిన తాడు, దాని కొసల దగ్గర ఇద్దరు మనుషులు కనిపించారు. యుద్ధం సీనులో గుర్రం పల్టీ కొట్టాలట. హీరో పడేచోట గడ్డి పరిచారు. గుర్రం పడేచోట రాళ్లైనా ఏరలేదు. యేసుదాసుకు తెలుసా అంటే నవ్వారు. నాకు ఒళ్లు మండింది.

అంతలో సైకిలు చక్రం టకటకలాడింది. బుల్లోడు దూసుకొస్తున్నాడు. ఏం చేయాలో తోచక, తాడుకు ముందుగా పరిగెత్తి, గుణదలలో రోజూ చేసినట్టే బాట పక్కన నిలబడి చెయ్యెత్తాను. బేరం వచ్చిందనుకుని బుల్లోడు నా ముందు ఠక్కున ఆగాడు. హీరోగారు మెడమీదికి జారి వాణ్ణి రెండు చేతులా వాటేసుకున్నారు. జనం పడీపడీ నవ్వారు.

డైరెక్టరు నన్ను నాలుగు తిట్టి, మళ్లీ తీద్దామన్నాడు. ఆయాసపడుతూ వచ్చిన యేసుదాసు తాడు చూశాడు. బుల్లోడి కుచ్చు విప్పి డైరెక్టరు చేతిలో పెట్టాడు.

"నా చప్పుడు నమ్మి పరిగెత్తాడండీ వీడు. ఆ చప్పుడుతోనే పడేస్తానా?"

లారీ ఇవ్వం పొమ్మన్నారు. సాయంత్రం విజయవాడ వెళ్లే ఖాళీ ఇటుకల లారీవాణ్ణి బతిమాలి ముగ్గురం ఎక్కాం. కంకిపాడు దాటేదాకా యేసుదాసు బుల్లోడి ముందుకాళ్లు తడుముతూనే ఉన్నాడు.

సినిమాలు ఇప్పటికీ చూస్తాను. యుద్ధంలో గుర్రం కూలగానే హాలంతా ఈలలు వేస్తుంది. అది లేస్తుందేమోనని నేను చూస్తాను. ఒక్కసారీ చూపించరు.