నేను చదవని మాటల పట్టీ

మొన్న ఆసుపత్రిలో మందుల కోసం వరుసలో కూర్చున్నప్పుడు, నా పక్కన ఒక చిన్న వయసు తల్లి పిల్లవాణ్ణి ఒళ్ళో పెట్టుకుని రియాద్‌లో ఉన్న భర్తతో ఫోనులో మాట్లాడుతోంది. తెరమీద అతను ఒక్కొక్క వస్తువూ చూపించి పేరు చెబుతుంటే, పిల్లవాడు వచ్చీరాని మాటలతో తిరిగి అంటున్నాడు. తప్పు పలికినప్పుడల్లా అతను నవ్వి మళ్ళీ మొదలుపెడుతున్నాడు. మనలో గల్ఫులో ఏళ్ళు గడిపి వచ్చినవాళ్ళకు అటువంటిది చూస్తే ముచ్చట వేయాలి. నేను మాత్రం ముఖం పక్కకు తిప్పుకున్నాను.

సౌదీలో తబూక్ దగ్గర ఒక పెద్ద వ్యవసాయ క్షేత్రంలో నీటి పంపులు బాగుచేసే పని నాది. రేకుల గదిలో ముగ్గురం ఉండేవాళ్ళం: అనంతపురం వైపు నుంచి వచ్చిన నేను, రాయచోటి వంటమనిషి, పికప్ నడిపే హైదరాబాదు భాయి. నేను విమానమెక్కేనాటికి మా అమ్మాయికి రెండేళ్ళు. మరుసటి ఏడు ఏదో విషజ్వరం వచ్చి తగ్గిందనీ, తగ్గాక పిలిస్తే పలకడం లేదనీ మా ఆవిడ ఉత్తరం రాసింది. డాక్టరు చూసి వినికిడి చాలావరకు పోయిందన్నాడు. ఛాతీమీద అగ్గిపెట్టెకంటే కాస్త పెద్ద పెట్టె, దాని నుంచి చెవిదాకా తీగ, అలా మిషను పెట్టారు. మిషనుకు డబ్బు పంపాను కాబట్టి నా పని అయిపోయిందనుకున్నాను.

అయితే పట్నంలో అటువంటి పిల్లలకు మాటలు నేర్పే టీచరమ్మ వేరే సంగతి చెప్పిందట. మిషను చప్పుడునే చెవిలో వేస్తుంది, అది మాట అని చెవికి నేర్పాల్సింది మనుషులేనట. పెదవులు కనపడకుండా కాగితం అడ్డం పెట్టుకుని రోజూ అవే మాటలు చెప్పాలి, పిల్ల తిరిగి అనాలి. ఒక్క తల్లి గొంతుకే అలవాటైతే చాలదు, నాలుగు గొంతుల్లో వినాలి, ముఖ్యంగా తండ్రి బరువు గొంతు వినాలి. అందుకని ఒక పట్టీ రాసి పంపింది. కాలు, పాలు, వేలు, నూలు, పలక, చిలక, అలా వంద మాటలు. వాటిని నేను క్యాసెట్లో చదివి, పక్షానికొకటి చొప్పున సెలవు మీద ఇంటికి వెళ్ళే వాళ్ళెవరితోనైనా పంపాలి. ఆ రోజుల్లో మన ఉత్తరాలు సగం క్యాసెట్లేనని మీకు నేను చెప్పనక్కరలేదు. ఎవరు ఊరికి బయలుదేరినా వాళ్ళ పెట్టెలో పది కుటుంబాల గొంతులు ఉండేవి.

మొదటిది నేనే చదివాను. మంచం మీద కూర్చుని, టేపురికార్డరు ముందు పెట్టుకుని, కాలు, పాలు అంటుంటే వంటమనిషికి నవ్వు ఆగలేదు.

“ఏం బ్బా, ఒకటో తరగతిలో మళ్ళా చేరితివా? పలకా బలపం తెచ్చియ్యనా?”

భాయి మాత్రం నవ్వలేదు. “గట్ల గొణుగుతె బిడ్డకేం సమజైతదే అన్నా? నోరు తెరిచి చెప్పు,” అన్నాడు.

నాకు రోషం వచ్చింది. అసలు సంగతి రోషం కూడా కాదు. ఆ పట్టీ చేతిలోకి తీసుకున్నప్పుడల్లా నా కూతురు చెవిటిదని ఒప్పుకోవలసి వచ్చేది. చదవకపోతే ఆ సంగతి ఎక్కడో సముద్రం అవతల ఉండిపోయేది. రెండో క్యాసెట్ నాటికి పట్టీ భాయి చేతిలో పెట్టి, నీ గొంతు ఖణేలుమంటుంది, నువ్వే చదువన్నాను. అతనికి తెలుగు మాట్లాడటమే గాని చదవడం రాదు. వంటమనిషి ఒక్కో మాటా చెబుతుంటే డీజిలు చీటీల వెనక ఉర్దూ అక్షరాల్లో వందా రాసుకున్నాడు. పికప్‌ను చేల అంచుకు తీసుకుపోయి, ఇంజను ఆపి, అద్దాలు ఎక్కించి, ఆ ఉక్కలో కూర్చుని చదివేవాడు. ప్రతి మాట తర్వాతా పిల్ల తిరిగి అనడానికి కాస్త ఆగి, “షాబాష్ బిడ్డా!” అనేవాడు. ఆమె సరిగ్గా అన్నదో లేదో అక్కడ అతనికేం తెలుస్తుంది? అన్నదనే నమ్మేవాడు.

అంతలో కువైట్ యుద్ధం వచ్చింది. మా నెత్తిమీద నుంచి విమానాలు పోతుంటే రేకులు దడదడలాడేవి. విషవాయువు వదులుతారన్న భయంతో కిటికీలకు ప్లాస్టిక్ కాగితం అంటించి టేపు వేసుకున్నాం. వెళ్ళగలిగినవాళ్ళు వెళ్ళారు; మా పాస్‌పోర్టులు మమ్మల్ని పనిలో పెట్టుకున్న కఫీల్ దగ్గర ఉన్నాయి, ఆయన పంటకాలం అయ్యేదాకా కదలనివ్వనన్నాడు. పని సగానికి తగ్గింది. అంటే నాకు తీరికకు కొదువ లేదు. అభ్యాసం తెగితే నేర్చింది పోతుందని టీచరమ్మ అన్నదని మా ఆవిడ ఉత్తరం మీద ఉత్తరం రాస్తే, దుమ్ముకు గొంతు పోయింది, అందుకని తమ్ముడి వంటి మనిషి చదువుతున్నాడని జవాబు రాశాను. భయంవల్ల చదవలేదని ఇన్నాళ్ళూ నాకు నేను చెప్పుకుంటూ వచ్చాను. భయం భాయికీ ఉంది. తీసుకుపోయేవాళ్ళు లేకపోయినా అతను చదివి దాచిన క్యాసెట్లన్నీ యుద్ధం ముగిశాక ఒకేసారి వెళ్ళాయి.

ఆ ఎండాకాలం దాటాక నాకు నలభై రోజుల సెలవు దొరికింది. ఇల్లు చేరి గుమ్మంలో నిలబడి పిలిస్తే అమ్మాయి తల ఎత్తలేదు. తల్లి పిలిస్తే ఎత్తింది. ఎదురింటివాళ్ళు పిలిస్తే పరుగెత్తింది. మాటలు బాగానే వచ్చాయి, కాకపోతే మా సీమ ఇంట్లో హైదరాబాదు సాగదీతతో మాట్లాడేది. నీళ్ళు తాగి గ్లాసు పెట్టి తనకు తానే షాబాష్ అనుకునేది.

మరునాడు టీచరమ్మ దగ్గరకు వెళ్ళాం. ముందు భాయి క్యాసెట్ పెట్టింది. పది మాటలకు పదీ అన్నది పిల్ల. తర్వాత నన్ను కాగితం అడ్డం పెట్టుకుని చెప్పమంది. చెప్పాను. అమ్మాయి కాగితం వంక చూసింది, తల్లి వంక చూసింది, ఏదో ఒకటి అన్నది. పదింటికి మూడు. టీచరమ్మ కోప్పడలేదు.

“పాపకు మీ గొంతు కొత్తండీ, అంతే. మీరు కూడా మాట చివర మింగేస్తున్నారు. ముందు మీకు నేర్పాలి.”

నేర్పింది కూడా. ఆ వయసులో అద్దం ముందు నిలబడి నోరు తెరవడం నేర్చుకున్నాను. రోజూ పొద్దునా సాయంత్రమూ నేనూ అమ్మాయీ ఎదురెదురుగా కూర్చునేవాళ్ళం. మూడు ఐదయింది, ఐదు ఏడయింది. చెవి అనేది అలా నేర్చుకుంటుందని కళ్ళతో చూసినవాణ్ణి నేను. పట్టీ వచ్చిననాడే మొదలుపెట్టి ఉంటే ఎక్కడుండేదో అప్పుడే లెక్క తెలిసింది.

తిరుగు ప్రయాణానికి పెట్టె సర్దుతూ మా ఆవిడ ఒకే ఒక మాట అన్నది.

“గొంతు పోయిందని రాస్తివి. ఒక క్యాసెట్టు ఆ యన్న రూములో చదివినట్లుండాడు. వెనకాల నువ్వు పేకాడుతా నగుతావుంటివి. ఆ సద్దేందని పాప అడిగె. ఎవురో లేమ్మా అంటి.”

వెళ్ళిపోయాను. తబూక్ చేరాక మూడు నెలలు క్రమం తప్పకుండా చదివి పంపాను. తర్వాత నెలకొకటి, ఆ తర్వాత పండగకొకటి. మారిపోయానని రాసుకుంటే బాగుండేది. ఇంకా తొమ్మిదేళ్ళు అక్కడే ఉన్నాను. భాయి వేరే కఫీల్ కిందకు మారి హాయిల్ అనే ఊరికి వెళ్ళిపోయాడు. అతనికి నేను సరిగా కృతజ్ఞతలు కూడా చెప్పలేదు.

ఇప్పుడు మిషన్లు చెవి వెనక జుట్టులో దాగిపోతున్నాయి. క్యాసెట్లు మోసే మనుషులు అక్కరలేదు, ఎడారిలో ఉన్న తండ్రి గొంతు ఇంట్లోకి క్షణంలో వస్తుంది. మా అమ్మాయి బ్యాంకులో ఉద్యోగం చేస్తోంది, రోజుకు వందమంది కొత్త గొంతులు వింటుంది, ఎవరినీ మళ్ళీ చెప్పమని అడగదట. ఫోనులో నన్ను మాత్రం అడుగుతుంది. రెండుసార్లు అడిగి, అలసిపోయి, అమ్మకియ్యి నాన్నా అనేది. రెండేళ్ళ క్రితం మా ఆవిడ పోయాక ఫోను ఇవ్వడానికి ఇంట్లో ఎవరూ లేరు. అందుకని మూడోసారి కూడా చెబుతున్నాను, నోరు తెరిచి, మాట చివరిదాకా. ఆమె అవతల ఆగి వింటోంది.